క్షీరసాగర మథనంలో హనుమంతుడు

మొదటి రోజు: రొలూస్

సంక్రాంతి సందడి ముగియగానే బయల్దేరి, బ్యాంకాక్‌లో విమానం మారి, మధ్యాహ్నానికి కంబోడియాలోని సియెం రీప్‌లో దిగాం. 2023లో తెరిచిన కొత్త విమానాశ్రయం ఊరికి బాగా దూరం. దారి పొడవునా కోత అయిపోయిన వరిచేలు, గట్ల మీద తాటిచెట్లు, గుంటల్లో పడుకున్న గేదెలు. "ఏమోయ్, ఇంత డబ్బు పోసి మళ్లీ తణుకే వచ్చామా?" అన్నారు బావగారు. ఆయన నీటిపారుదల శాఖలో ఇంజనీరుగా చేసి రిటైరయ్యారు. ఏ గుడికి వెళ్లినా కోనేటిలోకి నీళ్లు ఎటు నుంచి వస్తున్నాయో ముందు చూసి, ఆ తర్వాతే దేవుడికి దణ్ణం పెడతారు. ఈ యాత్రలో ఆ అలవాటు మాకు బాగా పనికొచ్చింది.

చాలామంది నేరుగా అంగ్కోర్ వాట్‌కు పరుగెత్తుతారు. మా గైడు, నలభై దాటిన నెమ్మదస్తుడు, మమ్మల్ని ముందు రొలూస్ తీసుకెళ్లాడు. తొమ్మిదో శతాబ్దంలో ఇది హరిహరాలయం అనే రాజధాని. 879లో మొదటి ఇంద్రవర్మ తన పూర్వీకుల పేర ప్రతిష్ఠించిన ప్రెయా కో, 881 నాటి బకాంగ్, అతని కొడుకు యశోవర్మ 893లో కట్టించిన లొలై ఇక్కడ ఉన్నాయి. ప్రెయా కోలో ఆరు ఇటుక శిఖరాలు, వాటికెదురుగా మూడు నందులు. బకాంగ్ అయిదు అంతస్తులుగా పైకి లేచిన రాతి గుడి. తర్వాతి రాజులు మేరు పర్వతాన్ని తలచుకుంటూ కట్టిన పెద్ద గుళ్లన్నిటికీ ఇది మొదటి మెట్టు.

లొలైలో ద్వారబంధాల నిండా శాసనాలు. ఉలి గీత ఎక్కడా చెదరలేదు. ఇక్కడివాళ్ల ఖ్మేరు లిపి పల్లవుల లిపి నుంచి వచ్చింది కాబట్టి ఆ వంపులు మనకు ఎక్కడో చూసినట్టే ఉంటాయి, చదవబోతే మాత్రం ఒక్క ముక్క కొరుకుడు పడదు. బావగారి ధ్యాస శాసనాల మీద లేదు. "చెరువేదయ్యా?" అని గైడును నిలదీశారు. లొలైని ఇంద్రతటాకం అనే చెరువు నడుమ దీవిలా కట్టారని అతను చెప్పాడు మరి. చుట్టూ వరి దుబ్బులు తప్ప నీటి చుక్క లేదు. దాదాపు నాలుగు కిలోమీటర్ల పొడవున్న ఆ చెరువును తవ్వలేదట, నేల మీద నాలుగు వైపులా కట్టలు పోసి నీళ్లు నిలబెట్టారట. ఆ మాట వినగానే ఆయన మొహం వెలిగింది. "తవ్విన చెరువులో నీళ్లు కిందుంటాయి, తోడుకోవాలి. కట్ట పోస్తే పొలం కంటే పైనుంటాయి. గండి తీస్తే చాలు, వాటంతటవే పారతాయి" అని మాకందరికీ వివరించారు. అక్కడి నుంచి మాకు ఇద్దరు గైడులు.

టికెట్ గురించి ఒక మాట. ఒక రోజుకు 37 డాలర్లు, మూడు రోజులకు 62, ఏడు రోజులకు 72. మన ఫొటో అక్కడికక్కడే తీసి టికెట్ మీద వేస్తారు, ప్రతి గుడి దగ్గరా చూపించాలి. ఇంకో పది డాలర్లు పోతే పోయాయని ఏడు రోజులది కొనుక్కోవడం మేలు. పూటకు మూడు గుళ్లు ముగించాలన్న హడావుడి తప్పుతుంది. అంచు చిరిగిన డాలరు నోటు అక్కడ ఎవరూ తీసుకోరు, ఇక్కడే చూసుకుని వెళ్లండి.

రెండో రోజు: అంగ్కోర్ వాట్

తెల్లవారుజామున నాలుగున్నరకే లేపారు. కొలను ఒడ్డున అప్పటికే వందల మంది, చీకట్లో వందల ఫోను తెరలు. సూర్యోదయం బాగుంది, కాదనను. కానీ సూర్యుడు సరిగ్గా నడిమి శిఖరం మీద లేచేది మార్చి, సెప్టెంబరు నెలల్లో, పగలూ రాత్రీ సమానమయ్యే రోజుల్లో. జనవరిలో కుడివైపు బాగా జరిగి, చెట్ల మీది నుంచి వస్తాడు. అసలు లాభం ఆ తర్వాత ఉంది. ఎండ రాగానే జనమంతా హోటళ్లకు టిఫిన్లకు పోతారు. అప్పుడు లోపలికి వెళ్తే పొడవాటి మండపాలు ఖాళీగా దొరుకుతాయి.

పన్నెండో శతాబ్దం మొదటి సగంలో రెండో సూర్యవర్మ విష్ణువుకు కట్టించిన గుడి ఇది. పడమటి ముఖం. చుట్టూ 190 మీటర్ల వెడల్పున అగడ్త. నడిమి శిఖరం 65 మీటర్లు. ఇసుకరాయిని కూలెన్ కొండల నుంచి కాలువల మీద తెచ్చారు. కమాను కట్టే పద్ధతి వాళ్లు వాడలేదు. రాయి మీద రాయిని కాస్త కాస్త ముందుకు జరుపుతూ పైన కలిపేశారు, అందుకే మండపాలన్నీ ఇరుకుగా, పొడవుగా ఉంటాయి. బావగారు అగడ్త గట్టు మీదే అరగంట ఆగిపోయారు. ఇసుక మీద నిలబడ్డ కట్టడం ఇది, ఆ ఇసుకలో తడి ఆరకుండా కాపాడేది అగడ్త నీరేనని ఇంజనీర్లు చెబుతారు. "నీళ్లు ఎండితే గుడి కుంగుతుంది" అని ఆయన తేల్చారు.

పడమటి గోపురంలో నిలువెత్తు కంటే పెద్దదైన ఎనిమిది చేతుల విష్ణువు ఉన్నాడు. అతన్ని ఇక్కడివాళ్లు తా రీచ్ అంటారు. ఒంటి మీద పసుపు పట్టువస్త్రం, ముందు తామర మొగ్గలు, అగరొత్తులు. ఓ కొత్త జంట మోకాళ్ల మీద కూర్చుని చేతులు జోడించి ఉంది. వాళ్లు బౌద్ధులు. ఆ విగ్రహం ఏ మతానిదన్న ప్రశ్న వాళ్లకు రానే రాలేదు. అక్క కూడా వాళ్ల పక్కనే కూర్చుని దణ్ణం పెట్టుకుంది.

మండపాల్లో బావగారు అలవాటుగా ప్రదక్షిణానికి ఎడమవైపు నుంచి మొదలుపెట్టబోతే గైడు ఆపి ఎదురు దిక్కుకు తిప్పాడు. ఇక్కడి శిల్పాల కథలు అప్రదక్షిణంగా చూస్తేనే వరుస కుదురుతుంది. పడమటి గోడకు కుడి సగం కురుక్షేత్రం. ఎడమ నుంచి కౌరవులు, కుడి నుంచి పాండవులు కదులుతారు, మధ్యలో ఇరుసేనలూ ఒకదాన్లో ఒకటి చిక్కుకుపోతాయి. అంపశయ్య మీద భీష్ముణ్ని వెతుక్కోవాలి, దొరికితే ఇక కన్ను మరలదు. ఏళ్ల తరబడి జనం తడిమి తడిమి కొన్ని చోట్ల రాయి నల్లగా నిగనిగలాడుతోంది. ఇప్పుడు ముట్టుకోనివ్వరు.

తూర్పు గోడ మీద క్షీరసాగర మథనం దాదాపు 49 మీటర్ల పొడవుంది. నడుమ విష్ణువు, కింద కూర్మం, అటూ ఇటూ వాసుకిని పట్టుకున్న అసురులు, దేవతలు. అందరి నడుములూ ఒకే వంపులో వెనక్కి వాలి ఉంటాయి. పైన నురుగులోంచి పుట్టుకొస్తున్న అప్సరసలు. నాకు అన్నిటికంటే నచ్చింది కింది భాగం. దూరంగా ఉన్న చేపలూ మొసళ్లూ నిండుగా ఈదుతుంటే, కవ్వం దగ్గరకు వచ్చేకొద్దీ చేపలు ముక్కలు ముక్కలై తేలుతున్నాయి. నీళ్లు ఎంత ఉధృతంగా తిరుగుతున్నాయో చెప్పడానికి శిల్పి చేపలను తరిగిపెట్టాడు. ఏ పురాణంలోనూ నేను చదవని సంగతి ఇది. సరస్సు ఒడ్డున పుట్టినవాడికే తడుతుంది.

దేవతల వరుస చివర, వాసుకి తోక పట్టుకుని ఒక పెద్ద వానరుడు. "హనుమంతుడు సర్" అన్నాడు గైడు.

"క్షీరసాగర మథనంలో హనుమంతుడెక్కడయ్యా? అది కృతయుగం, ఆయన త్రేతాయుగం" అని బావగారు అభ్యంతరం చెప్పారు.

"మా మథనంలో ఉన్నాడు సర్" అన్నాడతను, ఏ మాత్రం తొణక్కుండా.

మూడో రోజు: అంగ్కోర్ థోమ్, తా ప్రోమ్

అంగ్కోర్ థోమ్ అనే పాత రాజధాని దక్షిణ ద్వారం దగ్గరే మళ్లీ మథనం. వంతెనకు ఒక పక్క 54 మంది దేవతలు, మరో పక్క 54 మంది అసురులు, నాగాన్ని చేత పట్టుకుని వరుసగా కూర్చున్నారు. కొన్ని తలలు పాతవి, కొన్ని కొత్తగా చెక్కి పెట్టినవి. పాతవి దొంగలు కోసుకుపోయారు. లోపల ఏడో జయవర్మ కట్టించిన బయోన్, దాని శిఖరాల నిండా నాలుగు దిక్కులా చూసే చిరునవ్వు ముఖాలు. ఫొటోలన్నీ ఆ ముఖాలవే ఉంటాయి కాబట్టి వాటి గురించి నేను కొత్తగా చెప్పేదేమీ లేదు. కింద బయటి గోడను మాత్రం వదలకండి. పొరుగు చంపా రాజ్యపు చాం సేనలతో పడవల మీద యుద్ధం, నీళ్లలో పడ్డవాణ్ని పట్టుకున్న మొసలి, ఆ కిందే యుద్ధంతో ఏ సంబంధమూ లేని బజారు. తక్కెడ పట్టుకున్న ఆడవాళ్లు, కోడిపందెం చుట్టూ మూగిన మగవాళ్లు, పురిటి నొప్పులు పడుతున్న ఓ తల్లి. కోడిని వదలబోతున్నవాడి చేతుల వంపు చూసి బావగారు, "సంక్రాంతి ఇక్కడా వదల్లేదు" అన్నారు.

తా ప్రోమ్ అదే రాజు 1186లో తల్లి పేర కట్టించిన విహారం. రాజ్యంలో 102 ఆరోగ్యశాలలు నడిచేవని ఇక్కడి శాసనం చెబుతోంది. ఇప్పుడు దీన్ని అందరూ చూసేది చెట్ల కోసం. గోడల మీద కూర్చున్న వేళ్లు రాళ్ల సందుల్లోకి దిగి, కొన్నిచోట్ల గోడను కూలుస్తూ, కొన్నిచోట్ల అవే నిలబెడుతూ ఉన్నాయి. చెట్టు కొడితే గోడ పోతుంది, ఉంచితే రేపెప్పుడో పోతుంది. ఈ చిక్కుముడి విప్పే పనిలో మన పురావస్తు శాఖ ఇరవై ఏళ్లుగా ఉంది. 1986 నుంచి 1993 దాకా అంగ్కోర్ వాట్‌లోనూ పనిచేసింది. అప్పుడు రాళ్లను శుభ్రం చేసిన తీరు మీద విమర్శలూ వచ్చాయి.

బోర్డు మీద భారతదేశం పేరు చూడగానే మా బృందంలో ఒక పెద్దాయన ఛాతీ విరిచి, "ఇవన్నీ మనవాళ్లు కట్టినవే కదా" అన్నారు. నాకు ఆ మాట రుచించలేదు. కథలు మన వైపు నుంచి వచ్చాయి, లిపి వచ్చింది, దేవతలు వచ్చారు. రాయి కూలెన్ కొండది, ఉలి పట్టిన చేయి ఖ్మేరుది, కట్టించిన రాజు ఇక్కడి నేల మీద పుట్టినవాడు. బజారులో తక్కెడ పట్టిన ఆవిడ ఏ పురాణం నుంచీ రాలేదు.

రాత్రి భోజనంతో పాటు నాట్య ప్రదర్శన. వాళ్ల రామాయణం పేరు రియాంకేర్. అందులో సేతువు కడుతుంటే రావణుడి కూతురు, మత్స్యకన్య సువణ్ణమచ్ఛ, రాళ్లను ఎత్తుకుపోతుంది. ఆపడానికి వెళ్లిన హనుమంతుడు ఆమెను వలచి, వెంటపడి, ఒప్పిస్తాడు. మా బల్ల దగ్గర నిశ్శబ్దం. కాసేపటికి అక్కే తేరుకుంది. "మైరావణుడి కథలో హనుమంతుడి కొడుకు మత్స్యవల్లభుడు లేడుట్రా? చెమటచుక్క మింగిన చేపకు పుట్టాడని మనవాళ్లు సర్దిచెప్పారు. వీళ్లు చెమటచుక్క దాకా పోలేదు, అంతే" అంది.

అక్క శాకాహారం గురించి ఇక్కడే చెప్పాలి. కూరగాయల వేపుడు అడిగినా చేపల రసం ఒక చెంచా పడుతుంది. వేయవద్దని గైడు చేత ఖ్మేరులో కాగితం మీద రాయించుకుని ప్రతి హోటల్లో చూపించింది. కొబ్బరి పాలు, నల్ల చిక్కుడు గింజలు కలిపి వెదురు బొంగులో కాల్చిన జిగురు అన్నం, క్రలాన్, ఆమెను గట్టెక్కించింది.

నాలుగో రోజు: బాంతే స్రేయ్, తాటి బెల్లం

రాజులు కట్టని గుడి బాంతే స్రేయ్. యజ్ఞవరాహుడనే రాజగురువు 967లో శివుడికి ప్రతిష్ఠించాడు. మిగతా గుళ్ల పక్కన ఇది బొమ్మరిల్లంత ఉంటుంది, గర్భగుడి వాకిలి దాటాలంటే నడుం వంచాల్సిందే. గులాబీ రంగు ఇసుకరాయిలో చెక్కడం ఎంత లోతంటే తీగలు రాతి నుంచి విడిపోయి వేలాడుతున్నాయేమో అనిపిస్తుంది. ఒక ముఖపట్టం మీద, అంటే వాకిలి పైనుండే చెక్కడపు పలక మీద, కైలాసాన్ని ఎత్తుతున్న రావణుడు. తలలు గోపురంలా ఒకదాని మీద ఒకటి పేర్చి ఉన్నాయి. కొండ మెట్లు మెట్లుగా ఉంది, మెట్టు మెట్టుకూ భయపడ్డ మునులు, జంతువులు. పైన పార్వతి శివుణ్ని కరిచి పట్టుకుంది. శివుడు మాత్రం తాపీగా కూర్చున్నాడు. మరో చోట మన్మథ దహనం, ఇంకోచోట ఖాండవ వనం మీద ఇంద్రుడి వాన, వాలి సుగ్రీవుల కుస్తీ. మన ఇంట్లో ఏ పిల్లవాడికైనా ఇక్కడ గైడు అక్కర్లేదు. 1923లో ఇక్కడి దేవతా శిల్పాలను కోసుకుపోతూ పట్టుబడిన ఫ్రెంచి యువకుడు ఆంద్రే మాల్రో, తర్వాతి కాలంలో ఫ్రాన్సుకు సాంస్కృతిక మంత్రి అయ్యాడు. ఈ మాట చెప్పి గైడు మర్యాదగా నవ్వాడు.

తిరుగు దారిలో ప్రెయా డాక్ ఊళ్లో రోడ్డు పక్కనే తాటి బెల్లం కాస్తున్నారు. మనవాళ్లలా మోకు కట్టుకుని ఎక్కరు. కణుపుల దగ్గర కొమ్మ మొదళ్లు వదిలేసిన ఒంటి వెదురును చెట్టుకు నిలువునా కట్టేసి, ఆ మొదళ్ల మీద కాలు పెట్టి ఎక్కుతారు. గెలను వెదురు పటకారుతో నొక్కి, కొస చెక్కి, కింద వెదురు గొట్టం తగిలిస్తారు. దించిన నీరును మట్టి పొయ్యి మీద పెద్ద బాణలిలో పోసి, ఇల్లాలు పొద్దంతా మంట చూస్తూ ఉంటుంది. మేం వెళ్లేసరికి నురుగు తగ్గి పాకం ముదురుతోంది. బాణలి దించి, చెక్క తెడ్డుతో చేయి ఆపకుండా తిప్పింది. రంగు తేనె నుంచి గోధుమకు తిరిగేదాకా చూసి, తాటాకు చుట్టలు వరుసగా పేర్చి వాటిలో పోసింది. అడుగు అంటిన ముద్దను ఒక పుల్లతో గీకి అక్క చేతిలో పెట్టింది. మన తాటి బెల్లానికి ఉండే చేదు జీర ఇందులో లేదు. అయిదు కట్టలు కొన్నాం, ఇంటికి చేరింది రెండే.

మధ్యాహ్నం ఓపిక ఉన్నవాళ్లం క్బాల్ స్పియన్ కొండ ఎక్కాం, అడవిలో కిలోమీటరున్నర దారి. ఏటి అడుగున, నీళ్ల కింద వందల లింగాలు, శేషశాయి విష్ణువు. పొలాలకు పారే ముందు నీరు దేవుణ్ని తాకి పోవాలన్న ఏర్పాటు. బావగారు ఎక్కలేదు, ఫొటోలు చూసి చాలా బాధపడ్డారు.

అయిదో రోజు: బెంగ్ మియాలియా, కో కేర్

కూలిన బెంగ్ మియాలియా గుడిని తిరిగి నిలబెట్టకుండా అలాగే వదిలేశారు. రాళ్ల గుట్టల మీద చెక్క వంతెనలు వేశారు, వాటి మీద నడుస్తూ చూడాలి. ఈ పరిసరాల్లో మందుపాతరలు ఏరేదాకా ఎవరూ వచ్చేవారు కాదు. ఇప్పటికీ దారి తప్పి పొదల్లోకి వెళ్లవద్దని గైడు ప్రతిచోటా చెప్పాడు. 1975 నుంచి 1979 వరకు సాగిన ఖ్మేర్ రూజ్ (పోల్ పాట్ కమ్యూనిస్టుల) పాలనలో అతని తాతగారు ఆకలితో పోయారట. బస్సులో ఒకసారి చెప్పాడు, మళ్లీ ఎత్తలేదు, మేమూ అడగలేదు. బస్సులో ఏసీ ఆ పూటంతా పనిచేయలేదు. తాటాకు విసనకర్రలతో గడిపాం.

సియెం రీప్‌కు నూట ఇరవై కిలోమీటర్ల దూరంలో కో కేర్. నాలుగో జయవర్మ అంగ్కోర్‌ను కాదని 928లో ఇక్కడ రాజధాని పెట్టాడు. ఇరవై ఏళ్లు కూడా నిలవలేదు. అంత తక్కువ కాలంలో 36 మీటర్ల ఎత్తున ఏడు అంతస్తుల రాతి పిరమిడ్ లేపాడు. 2023లో యునెస్కో జాబితాలో చేరింది. పక్కనున్న చెక్క మెట్లెక్కి పైనుంచి చూస్తే కనుచూపు మేర అడవే.

నేను చూడాలనుకున్నది పిరమిడ్ కాదు, ప్రాసాత్ చెన్ అనే చిన్న గుడి. ఇక్కడ భీమ దుర్యోధనుల గదాయుద్ధాన్ని గోడ మీద చెక్కలేదు, మనిషి ప్రమాణంలో విడి విగ్రహాలుగా నిలబెట్టారు. ఇద్దరూ ఎగరబోతున్నారు, చుట్టూ చూస్తున్న మిగతా పాండవులు, కృష్ణుడు, బలరాముడు. అంతర్యుద్ధం రోజుల్లో దొంగలు విగ్రహాలను చీలమండల దగ్గర కోసి పట్టుకుపోయారు, పాదాలు పీఠం మీదే మిగిలిపోయాయి. 2011లో దుర్యోధనుడు న్యూయార్క్‌లో వేలానికి వచ్చాడు. ఆ విగ్రహం ఎక్కడిదో తేల్చిపెట్టింది ఈ పాదాలే. కోర్టు దాకా వెళ్లి, 2014లో అతనూ, కాలిఫోర్నియా మ్యూజియంలో ఉన్న భీముడూ తిరిగివచ్చారు.

ఆరో రోజు: సరస్సు

టోన్లే సాప్ సరస్సు ఎండాకాలంలో సుమారు 2,500 చదరపు కిలోమీటర్లు ఉంటుంది, వానాకాలంలో 15,000 దాటుతుంది. మెకాంగ్ నది పొంగినప్పుడు, సరస్సు నుంచి మెకాంగ్‌లోకి పోయే ఏరు వెనక్కి తిరిగి సరస్సులోకే పారుతుంది. బావగారు ఈ ఒక్క వాక్యాన్ని గైడు చేత మూడుసార్లు చెప్పించుకున్నారు. ఆ పోటుతో వచ్చిన చేపా ఒండ్రూ లేకపోతే ఈ గుళ్లు కట్టిన కూలీలకు అన్నం లేదు.

కాంపాంగ్ ఖ్లెయాంగ్‌లో ఇళ్లు కొయ్య స్తంభాల మీద రెండు మూడు అంతస్తుల ఎత్తున ఉన్నాయి. జనవరిలో నీరు తీసింది కాబట్టి, నిచ్చెనల కింద పొడినేల మీద పిల్లలు బంతి ఆడుతున్నారు. స్తంభాల మీద పాచి గీత చూస్తే ఆ పిల్లల తలల మీద ఇంకో నాలుగు నిలువుల ఎత్తున ఉంది, సెప్టెంబరులో నీళ్లు అక్కడిదాకా వస్తాయి. ఇంటింటి ముందూ తడికెల మీద చేపలు ఎండుతున్నాయి. ప్రహోక్ అనే చేపల ఊరగాయ జాడీల వాసన పడవలోకే వచ్చింది. అక్క కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుని కూడా పడవ నడిపే ఆవిడ మనవరాలితో దోస్తీ కట్టింది.

ఏడో రోజు: ఈశానపురం

కాంపాంగ్ థోమ్ దగ్గర సంబోర్ ప్రెయ్ కుక్, అంటే ఏడో శతాబ్దంలో ఈశానవర్మ రాజధాని, ఈశానపురం. అంగ్కోర్ వాట్ కంటే అయిదు వందల ఏళ్లు పాతది. ఎనిమిది పలకల ఇటుక గుళ్లు ఇక్కడి విశేషం. చెట్ల నడుమ గుండ్రటి గుంటలు చూసి బావగారు కుంటలనుకున్నారు, 1970ల మొదట్లో అమెరికా విమానాలు వేసిన బాంబుల గుంటలవి. రాజధాని ఫ్నోం పెన్‌కు వెళ్లే దారిలో స్కున్ అనే ఊళ్లో వేయించిన సాలీళ్లు బుట్టల్లో అమ్ముతున్నారు. దీని గురించి ఇంతకంటే రాయను.

ఎనిమిదో రోజు: ఫ్నోం పెన్

జాతీయ మ్యూజియంలో దుర్యోధనుణ్ని చూశాం. చేతులు లేవు. మోకాళ్లు వంచి, ఒళ్లంతా ఎగరడానికి కూడదీసుకున్న భంగిమ. నడుం చుట్టూ కుచ్చిళ్లు మడత మడతగా ఉన్నాయి. ఎదురుగా భీముడిదీ అదే భంగిమ. తొడలు విరిగే ఘట్టాన్ని శిల్పి వదిలేసి, దానికి ముందు క్షణాన్ని పట్టుకున్నాడు. అప్పటికి ధర్మం ఎవరి పక్కనుందో తేలలేదు. పద్యనాటకాల్లో సుయోధనుడికి ఈలలు వేసిన జాతి మనది, బావగారు ఏకంగా అటు తిరిగి నిలబడ్డారు. బాంతే స్రేయ్ నుంచి తెచ్చిన ముఖపట్టం మీదా ఇదే గదాయుద్ధం. అందులో నాగలి పట్టుకున్న బలరాముడు కోపంతో లేవబోతున్నాడు. "నడుము కింద కొట్టడం అధర్మమని ఆయన బాధ" అని బావగారు గైడుకు చెప్పబోతే, "అవును సర్, కృష్ణుడు ఆపుతాడు" అని అతనే పూర్తిచేశాడు. అక్కడ ఇద్దరికీ వాదన మొదలైంది. కృష్ణుడు ఆపడం న్యాయమా కాదా అని, ఒకాయన తెలుగు యాస ఇంగ్లీషులో, ఇంకొకతను ఖ్మేరు యాస ఇంగ్లీషులో. మా ఆవిడా నేనూ మిగతా మ్యూజియమంతా చూసి వచ్చేసరికి కూడా తేలలేదు.

విమానానికి ఇంకా సమయం ఉంది. అక్క గళ్ల తువ్వాళ్లు కొనాలంటే పసుపు గుమ్మటం ఉన్న పెద్ద బజారుకు వెళ్లాం. వాటిని క్రమా అంటారు. తలకు చుట్టుకుంటారు, నడుముకు కట్టుకుంటారు, పిల్లల్ని ఉయ్యాల వేస్తారు. ఒక్కోటి మూడు డాలర్లన్నది అమ్మే ఆవిడ, అక్క నాలుగు కలిపి తొమ్మిదికి అడిగింది. డాలరుకు నాలుగు వేల పైచిలుకు రియళ్ల లెక్కన బావగారు ఫోనులో చూసి చెప్పేలోపే బేరం పదికి కుదిరిపోయింది.